మైదాతో స్కోన్లు: పొంగకుండా గట్టిగా ఎందుకు వస్తాయి, ఎలా సరిచేయాలి

ప్రశ్న: వీడియో చూసి రెండుసార్లు ఇంట్లో స్కోన్లు (టీతో తినే చిన్న బన్నుల్లాంటివి) చేశాను. రెండుసార్లూ పొంగలేదు, చల్లారాక రాయిలా అయ్యాయి. బేకింగ్ పౌడర్ ముందే కలిపి అమ్మే సెల్ఫ్ రైజింగ్ పిండి మా ఊళ్లో దొరకదు కాబట్టి మైదా, బేకింగ్ పౌడర్ వాడాను. పిండి నున్నగా అయ్యేదాకా బాగా పిసికాను. చిన్న ఓటీజీ (కరెంటు ఓవెన్) ఉంది. గుడ్డు వేయను. తప్పు ఎక్కడ జరుగుతోంది?

జవాబు:

మీ తప్పు మీ ప్రశ్నలోనే ఉందండి. "నున్నగా అయ్యేదాకా బాగా పిసికాను" అన్నారు చూడండి, అదే. చపాతీకీ పూరీకీ మన చేతులకు అలవాటైన పని అది. స్కోన్‌కి మాత్రం అదే చెరుపు. మైదాకి తడి తగిలి, దాని మీద చేయి ఆడేకొద్దీ గ్లూటెన్ అనే సాగే జిగురు బిగుస్తుంది. చపాతీ సాగాలి కాబట్టి అక్కడ అది కావాలి. స్కోన్ చేత్తో విరిస్తే విడిపోవాలి, సాగకూడదు. జిగురు బిగిసిన పిండిని బేకింగ్ పౌడర్ పుట్టించే గాలి పైకి నెట్టలేదు. పొంగకపోవడం, గట్టిపడటం రెండు వేర్వేరు జబ్బుల్లా కనిపిస్తాయి గానీ చాలాసార్లు మూలం ఈ ఒక్కటే.

గవ్వలకో జంతికలకో పిండిలో వెన్న వేసి నలుపుతాం కదా, గుల్లగా రావాలని. ఇక్కడ వెన్న చేసే పనీ అదే. పిండి రేణువులకు కొవ్వు పూత పడితే వాటికి తడి త్వరగా అందదు, జిగురు తక్కువ పుడుతుంది. తేడా ఏమిటంటే గవ్వలకు వెన్న కాచి పోసినా నడుస్తుంది. స్కోన్లకు వెన్న గట్టిగా, చల్లగా ఉండాలి. పిండిలో చిన్న చిన్న పలుకులుగా మిగిలిన వెన్న ఓవెన్ వేడికి కరుగుతుంది, అందులో ఉండే కాస్త నీరు ఆవిరై పక్కనున్న పిండిని ఎత్తుతుంది. ముందే కరిగి పిండిలో కలిసిపోయిన వెన్న ఆ పని చేయలేదు.

ఇక కొలతలు. 6 నుంచి 8 స్కోన్లకు మైదా 250 గ్రాములు, బేకింగ్ పౌడర్ 3 టీస్పూన్లు (తలకొట్టి, అంటే సుమారు 12 గ్రాములు), పంచదార 30 గ్రాములు, చల్లటి వెన్న 60 గ్రాములు, చల్లటి పాలు 150 మిల్లీలీటర్లు. ఉప్పు లేని వెన్న అయితే పావు టీస్పూన్ ఉప్పు వేయండి. మన దగ్గర మామూలుగా దొరికే పసుపురంగు వెన్నలో ఉప్పు ఉంటుంది కాబట్టి దానికి వేరే ఉప్పు అక్కర్లేదు. 100 గ్రాముల వెన్న కడ్డీని చాకుతో 5 సమాన భాగాలుగా గీస్తే 3 భాగాలు 60 గ్రాములు. పంచదార పెద్ద పలుకులైతే మిక్సీలో ఒక్క తిప్పు తిప్పండి, లేదంటే కరగని పలుకులు పైన గోధుమరంగు చుక్కలుగా కనిపిస్తాయి.

మైదాని తూకం వేసే వాడండి. వీడియోల్లో "రెండు కప్పులు" అంటారు. చెంచాతో మెల్లగా నింపిన కప్పులో 120 నుంచి 125 గ్రాముల మైదా పడుతుంది. అదే కప్పుని డబ్బాలో ముంచి తీస్తే 150 గ్రాములు కూడా పడుతుంది. రెండు కప్పులకు 50 గ్రాముల తేడా! పాలు మాత్రం అంతే పోస్తారు కాబట్టి పిండి బిరుసెక్కి స్కోన్ గట్టిగా వస్తుంది. ఇంట్లో ఉండే స్టీలు చెంచాలు కూడా ఒకటి 3 మిల్లీలీటర్లు, ఇంకొకటి 7 మిల్లీలీటర్లు పట్టేలా ఉంటాయి. బేకింగ్ పౌడర్‌కి మాత్రం కొలత చెంచానే వాడాలి. టీస్పూన్ అంటే 5 మిల్లీలీటర్లు.

ఇంకో గందరగోళం కూడా ఉంది. మీరు చూసిన వీడియో అమెరికాదైతే, అక్కడి స్కోన్ వేరు. ముక్కోణం ఆకారం, వెన్నా చక్కెరా ఎక్కువ, చాలావరకు గుడ్డు, పైన చక్కెర పాకం. నేను చెబుతున్నది బ్రిటన్‌లో టీతో పాటు తినే గుండ్రటి స్కోన్. ఇందులో తీపి తక్కువ, ఎందుకంటే తీపి జామ్ నుంచి రావాలి. రెండు పద్ధతుల కొలతలూ కలిపితే రెండూ చెడతాయి.

మొదలుపెట్టే ముందు బేకింగ్ పౌడర్ బతికుందో లేదో చూడండి. పావు కప్పు వేడినీళ్లలో అర టీస్పూన్ వేస్తే బుసబుసమని పొంగాలి. నాలుగు బుడగలు తేలి ఊరుకుంటే ఆ డబ్బా పారేయండి. మన వానాకాలపు తేమకి, మూత సరిగ్గా పెట్టని డబ్బా కొన్ని నెలల్లోనే చచ్చిపోతుంది. అందులో ఉండేవి వంట సోడా, ఒక పొడి ఆమ్లం, రెండూ ముందే కలిసిపోకుండా కాస్త పిండి. తేమ తగిలితే డబ్బాలోనే ఆ రెండూ కలిసి గాలి పోతుంది. బేకింగ్ పౌడర్ లేదని అంతే కొలతలో వంట సోడా వేయడం ఇంకా పెద్ద పొరపాటు. సబ్బు రుచి వస్తుంది, లోపల పసుపురంగుకి మారుతుంది. సోడాకి పులుపు తోడుండాలి. ఇంట్లో పుల్లటి పెరుగు ఉంటే ఇలా మార్చుకోవచ్చు: చిక్కటి పెరుగు 100 గ్రాములు, పాలు 60 మిల్లీలీటర్లు కలిపి పాలకు బదులు వాడండి, బేకింగ్ పౌడర్ 2 టీస్పూన్లకు తగ్గించి పావు టీస్పూన్ సోడా చేర్చండి. లోపలి భాగం మెత్తగా వస్తుంది. గుడ్డు వేయని వాళ్లకు నాకు నచ్చిన మార్గం ఇదే.

పిండి కలిపే ముందే ఓటీజీ వెలిగించండి. పై కడ్డీ, కింది కడ్డీ రెండూ, 220 డిగ్రీలు, కనీసం 15 నిమిషాలు. ముందు పిండి కలిపి తర్వాత ఓవెన్ వేడిచేస్తే ఆ 15 నిమిషాల్లో వెన్న కరుగుతుంది, బేకింగ్ పౌడర్ బలం కొంత బయటే అయిపోతుంది.

మైదా, బేకింగ్ పౌడర్, పంచదార కలిపి ఒకసారి జల్లించండి. ఇది పిండి తేలికవ్వడానికి కాదు, పౌడర్ అంతటా సమానంగా పడటానికి. వెన్నని శనగగింజ సైజు ముక్కలుగా కోసి పిండిలో వేసి, బొటనవేలు, మిగతా వేళ్ల కొసల మధ్య నలుపుతూ పైకెత్తి వదలండి. అరచేయి తగలనివ్వకండి, అరచేయి వేడిగా ఉంటుంది. 2 నిమిషాల్లో బొంబాయి రవ్వలా అవుతుంది, అక్కడక్కడా పెసరగింజంత వెన్న పలుకులు మిగలాలి. గవ్వల పిండిలా పిడికిలి పట్టగానే గట్టి ముద్దగా నిలిచిందంటే ఎక్కువ నలిపినట్టు. గిన్నె 10 నిమిషాలు ఫ్రీజర్‌లో పెట్టి మళ్లీ మొదలుపెట్టండి.

మధ్యలో గుంట చేసి పాలు పోయండి. 2 చెంచాలు మిగుల్చుకుని మిగతావన్నీ ఒకేసారి పోసేయాలి. కొద్దికొద్దిగా పోస్తే ప్రతిసారీ కలపాల్సి వస్తుంది, కలిపినప్పుడల్లా జిగురు పెరుగుతుంది. చేత్తో కాదు, చాకుతోనో చదునైన గరిటెతోనో కోస్తున్నట్టు 15, 20 సార్లు తిప్పండి. అడుగున పొడిపిండి ఉంటేనే మిగిల్చిన పాలు వాడండి. పిండి చేతికి అంటుకునేలా, గరుకుగా, చూడటానికి అసహ్యంగా ఉండాలి. చపాతీ పిండి అలవాటుతో "జారుగా అయింది" అనిపించి మైదా చల్లడమే మీరు చేయబోయే రెండో తప్పు. ఆ తడే ఓవెన్‌లో ఆవిరై స్కోన్‌ని లేపేది. పిండి అంటుకుంటే చేతులకు, పీటకు మాత్రమే మైదా రాసుకోండి.

పీట మీద వేసి, మడతపెట్టి మెల్లగా నొక్కడం 3 సార్లు. అంతే, ఇక ముట్టుకోకండి. అప్పడాల కర్ర వద్దు, అరచేత్తో తట్టండి. మందం 2.5 సెంటీమీటర్లు, అంటే బొటనవేలి పై కణుపు పొడవంత. చాలామంది సెంటీమీటరుకు తట్టి, ఓవెన్‌లో రెట్టింపు అవుతుందని చూస్తారు. స్కోన్ కాస్త పెరుగుతుందే తప్ప పలచటి పిండి ఎత్తైన స్కోన్ కాదు, గట్టి బిస్కెట్ అవుతుంది.

కోయడం దగ్గర రెండు సంగతులు. స్టీలు గ్లాసుతో కోస్తే దాని మందమైన అంచు పిండి పక్కల్ని నొక్కి మూసేస్తుంది. అలా మూసుకున్న వైపు పొంగక స్కోన్ ఒకవైపుకి ఒరుగుతుంది. పదునైన అంచున్న 5 లేదా 6 సెంటీమీటర్ల కట్టర్ ఉంటే మైదాలో ముంచి నిటారుగా కిందికి నొక్కి, నిటారుగానే తీయండి. మెలితిప్పకండి, తిప్పినా అంచు మూసుకుంటుంది. కట్టర్ లేకపోతే గ్లాసు జోలికి పోకుండా పదును చాకుతో చతురస్రాలుగా కోయండి. నన్నడిగితే కట్టర్ ఉన్నా చాకే మేలు: మిగులు ముక్కలుండవు, వాటిని మళ్లీ ముద్ద చేసే పని ఉండదు. ముద్ద చేసి కోసిన స్కోన్లు ఎప్పుడూ మొదటివాటి కంటే గట్టిగా, వంకరగా వస్తాయి.

ట్రేలో ఒకదానికొకటి ఒక వేలి వెడల్పు ఎడంలో దగ్గరగా పేర్చండి. పక్కనున్నవి ఆసరా ఇచ్చి పక్కకి పరుచుకోకుండా పైకి లేస్తాయి. పైభాగానికి మాత్రమే పాలు రాయండి. పాలు పక్కలకు కారితే అక్కడ పొర కట్టి పొంగుని పట్టేస్తుంది.

మధ్య అరలో 220 డిగ్రీల దగ్గర 12 నుంచి 14 నిమిషాలు. మొదటి 10 నిమిషాలు తలుపు తీయొద్దు. పైన బంగారు రంగు, కింద లేత గోధుమరంగు రావాలి, పక్కల వేలితో మెల్లగా నొక్కితే తిరిగి లేవాలి. చిన్న ఓటీజీల డయల్ మీద ఉన్న అంకెని పూర్తిగా నమ్మకండి, 20, 30 డిగ్రీల తేడా మామూలే. లోపల పెట్టే చిన్న థర్మామీటర్ కొనుక్కుంటే స్కోన్లకే కాదు, అన్నిటికీ పనికొస్తుంది. అడుగు మాడి పైన తెల్లగా ఉంటే ట్రే కింద ఇంకో ట్రే పెట్టండి, లేదా ఒక అర పైకి జరపండి. పైన రంగు వచ్చి లోపల పచ్చిగా ఉంటే వేడి ఎక్కువైనట్టు, తర్వాతి విడతకి 200 డిగ్రీలకు తగ్గించి 16 నిమిషాలు ఉంచండి. ఉల్టా కూడా జరుగుతుంది. 170, 180 డిగ్రీల దగ్గర కేకులా 25 నిమిషాలు ఉంచితే పొంగేలోపు వెన్న కారిపోతుంది, పైపొర ఎండి రాయవుతుంది. స్కోన్‌కి వేడి దెబ్బ గట్టిగా, కొద్దిసేపే తగలాలి.

కన్వెక్షన్ మైక్రోవేవ్ ఉన్నవాళ్లు కన్వెక్షన్ (వేడిగాలి) మోడ్ ఒక్కటే పెట్టి, ముందే వేడిచేసి, 200 డిగ్రీల దగ్గర 14, 16 నిమిషాలు చేయవచ్చు. మైక్రో కలిపిన మోడ్ వద్దు, తీసిన కాసేపటికే తోలులా అవుతాయి.

ఇక మన ఎండాకాలం. వెన్న 32, 35 డిగ్రీల మధ్య పూర్తిగా కరిగిపోతుంది, 20 దాటితేనే మెత్తబడుతుంది. మే నెలలో విజయవాడలోనో ఖమ్మంలోనో వంటిల్లు 38 డిగ్రీలుంటే వేళ్లతో నలపడం దాదాపు కుదరదు. అప్పుడు వెన్నని అరగంట ఫ్రీజర్‌లో ఉంచి క్యారెట్ తురిమే పీట మీద పెద్ద రంధ్రాల వైపు తురమండి. జల్లించిన మైదా గిన్నె కూడా 20 నిమిషాలు ఫ్రిజ్‌లో ఉండాలి. తురుముని పిండిలో ఫోర్కుతో కలిపి, నలపకుండానే పాలు పోసేయండి. కోసిన స్కోన్లని ట్రేతో సహా 10 నిమిషాలు ఫ్రీజర్‌లో పెట్టి ఆపైన ఓవెన్‌లో పెట్టండి.

ఆ తంటా కూడా వద్దనుకుంటే వెన్న నలపడమే లేని పద్ధతి ఉంది. 25 శాతం కొవ్వున్న ఫ్రెష్ క్రీమ్ 200 మిల్లీలీటర్లు తీసుకుంటే అందులో సుమారు 50 గ్రాముల కొవ్వు, మిగతాది దాదాపు అంతా నీరు. పైన చెప్పిన 60 గ్రాముల వెన్న, 150 మిల్లీలీటర్ల పాలు కలిపితే వచ్చే కొవ్వూ తడీ ఇంచుమించు అంతే. కాబట్టి 250 గ్రాముల మైదా, 3 టీస్పూన్ల బేకింగ్ పౌడర్, 30 గ్రాముల పంచదార, చిటికెడు ఉప్పులో చల్లటి క్రీమ్ పోసి చాకుతో కలపండి, పొడిగా ఉంటే ఒకటి రెండు చెంచాల పాలు చేర్చండి. పొరలు కాస్త తగ్గుతాయి గానీ మెత్తగా, తప్పు జరిగే చోట్లు తక్కువగా ఉంటాయి. మీ మూడో ప్రయత్నానికి ఇదే సలహా ఇస్తాను. దీంట్లో చేయి కుదిరాక వెన్న పద్ధతికి వెళ్లండి.

ఇంట్లో చిలికిన వెన్న వాడొచ్చా అని చాలామంది అడుగుతారు. వాడొచ్చు. చల్లటి నీళ్లలో కడిగి, మజ్జిగ పూర్తిగా పిండేసి, గట్టిపడేదాకా ఫ్రిజ్‌లో ఉంచాలి. తడి ఎక్కువ ఉంటుంది కాబట్టి పాలు ఒక చెంచా తగ్గించండి. గోధుమపిండి కలపాలంటే మూడో వంతు దాటనివ్వకండి, అంటే 80 గ్రాములు, పాలు ఒకటిన్నర చెంచా పెంచండి. మొత్తం గోధుమపిండితో చేస్తే పొంగదు, బరువుగా ఉంటుంది. ఎండుద్రాక్ష 50 గ్రాములు వేయాలంటే 10 నిమిషాలు వేడినీళ్లలో నానబెట్టి, గుడ్డలో ఒత్తి, వెన్న నలిపాక పాలకు ముందు వేయండి. పైకి తేలినవాటిని లోపలికి నొక్కేయండి, లేదంటే మాడి చేదెక్కుతాయి.

తినే పద్ధతి కూడా చెప్పాలి, ఎందుకంటే సగం రుచి అందులోనే ఉంది. చాకుతో కోయకుండా నడుం దగ్గర పగులు పట్టుకుని చేత్తో రెండుగా విరవండి. ఇంగ్లండ్ నైరుతి మూలన ఉన్న డెవన్‌లో ముందు క్లాటెడ్ క్రీమ్ రాసి పైన జామ్ పెడతారు. పక్కనే ఉన్న కార్న్‌వాల్‌లో ముందు జామ్, పైన క్రీమ్. ఇరువైపులా పట్టుదల గట్టిదే. ఆ క్లాటెడ్ క్రీమ్ మన దగ్గర దొరకడం కష్టం. కానీ అది ఏమిటో తెలిస్తే మనకు దూరమైనది కాదని అర్థమవుతుంది: క్రీమ్‌ని సన్న వేడి మీద గంటలపాటు కదపకుండా ఉంచి, చల్లార్చి, పైన కట్టిన మందమైన మీగడ తీస్తారు. కార్నిష్ క్లాటెడ్ క్రీమ్‌లో కనీసం 55 శాతం కొవ్వుండాలి. మనం వెన్న తీయని గేదెపాలు లీటరు కాచి, పొంగాక మంట బాగా తగ్గించి, కలపకుండా 30 నిమిషాలు ఉంచి, చల్లార్చి, రాత్రంతా ఫ్రిజ్‌లో పెడితే మందమైన మీగడ తరక వస్తుంది. అంత కొవ్వుండదు కానీ స్వభావం అదే, కాచిన పాల వాసన కూడా అదే. ఆ రోజు తీసిన మీగడే వాడండి. వెన్న కోసం పది రోజులుగా పోగేసిన మీగడ పులిసి ఉంటుంది, జామ్‌తో పొసగదు. కేకుల మీద వేసే వెజిటబుల్ విప్పింగ్ క్రీమ్ కన్నా ఈ తరకే ఎన్నో రెట్లు మేలు.

ఇది చదివే వాళ్లలో ఓవెన్ లేనివాళ్లుంటే వాళ్లకో మాట. స్కాట్లండ్‌లో స్కోన్ పుట్టిందే పెనం మీద. గర్డిల్ అనే చదునైన ఇనుప పెనం మీద కాల్చేవాళ్లు. ఇంగ్లండ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్ 1843లో బేకింగ్ పౌడర్ తయారుచేశాకే ఈనాటి ఎత్తైన స్కోన్‌కి దారి పడింది. కాబట్టి మందమైన ఇనుప దోసెపెనం మీద చేసింది నకిలీ ఏమీ కాదు, అది పాత పద్ధతి. పిండి అదే, మందం మాత్రం ఒకటిన్నర సెంటీమీటర్లకు మించకూడదు. గుండ్రంగా తట్టి నాలుగు ముక్కలుగా కోసి, పెనాన్ని సన్న మంట మీద 5 నిమిషాలు వేడిచేసి, పొడిపిండి చిటికెడు చల్లి చూడండి. నిమిషంలో లేత గోధుమరంగుకి వస్తే సరైన వేడి, వెంటనే నల్లబడితే ఎక్కువ. ఆ పిండి తుడిచేసి, ఒక్కోవైపు 6, 7 నిమిషాలు, నూనె లేకుండా. తర్వాత అంచుల మీద నిలబెట్టి ఒక్కో నిమిషం కాల్చండి, పచ్చి అక్కడే మిగులుతుంది. మూత పెట్టకండి, ఆవిరి పట్టి పైపొర సాగుతుంది.

స్కోన్ రుచి చేసిన రోజే. పైన మెత్తగా కావాలంటే తీసిన వెంటనే శుభ్రమైన గుడ్డలో చుట్టండి, కరకరలాడాలంటే జల్లెడ మీద చల్లారనివ్వండి. ఇద్దరే ఉండే ఇంట్లో 8 ఒకేసారి కాల్చొద్దు: కోసిన పచ్చి స్కోన్లని ట్రేలో విడివిడిగా ఫ్రీజర్‌లో గట్టిపరిచి, తర్వాత కవర్లో వేసి మూతిబిగిస్తే నెల రోజులు ఉంటాయి. కావలసినన్ని తీసి, కరగనివ్వకుండానే అదే 220 డిగ్రీల దగ్గర 3, 4 నిమిషాలు ఎక్కువ ఉంచి కాల్చండి.